విసిరేసినట్టున్న తండాల్లో చివరి నల్లా దాకా క్లోరిన్ అందాలంటే

దేవరకొండ వైపు తండా పంచాయతీల్లో ఇళ్లు తక్కువ, పైపులైను పొడవు. ట్యాంకులో మందు సరిగ్గా వేసినా చివరి నల్లాకు చేరేసరికి క్లోరిన్ అయిపోతుంది.

10,000 లీటర్ల ట్యాంకుకు 33 శాతం క్లోరిన్ ఉన్న బ్లీచింగ్ పౌడర్ 40 గ్రాములు తూకం వేసుకోండి. గుప్పెళ్ల లెక్క వద్దు. ప్లాస్టిక్ బకెట్‌లో ముద్దలా కలిపి, నీళ్లు పోసి, పావుగంట కదపకండి. అడుగున సున్నం పేరుకుంటుంది; పైన తేటను మాత్రమే, ట్యాంకు నిండుతుండగా పోయండి. సున్నం పోస్తే వాల్వులు పూడుకుపోతాయి. వాల్వు తిప్పడానికి ముందు గంట ఆగాలి.

పరీక్ష ట్యాంకు కింద కాదు, ఆఖరి ఇంటి నల్లా దగ్గర చేయాలి. క్లోరోస్కోప్‌లో (నీళ్లలో క్లోరిన్ ఎంతుందో రంగును బట్టి చూపే పరికరం) లీటరుకు 0.2 మిల్లీగ్రాములైనా కనిపించాలి. రాకపోతే మోతాదు రెట్టింపు చేయకండి, దగ్గరి ఇళ్లవాళ్లు వాసనకు ఆ నీళ్లు మానేసి బోరు నీళ్లు తాగుతారు. ముందు లైను చివర వాషౌట్ (పైపులో మురికి బయటికి వదిలే వాల్వు) తెరిచి, నీళ్లు తేటగా వచ్చేదాకా వదలండి. లీకేజీలు వెతకండి. పౌడర్ సంచి మూతి తెరిచి పెట్టారేమో కూడా చూడండి. గాలి, తేమ తగిలితే బలం పోతుంది.

ఒక్క మాట: నీళ్లలో ఫ్లోరైడ్ ఉంటే అది క్లోరిన్‌తో పోదు.