అండమాన్‌లో ఒక్క రోజు టూరు: డబ్బు కట్టే ముందు అడగవలసినవి

పోర్ట్‌బ్లెయిర్‌కు 2024 సెప్టెంబరులో శ్రీ విజయపురం అని పేరు మార్చారు. పేరు ఏదైనా, సంక్రాంతి సెలవులకు మా ఇంట్లో దిగే చుట్టాలు అడిగేది ఒక్కటే: "పొద్దున తీసుకెళ్లి సాయంత్రం దింపే మంచి టూరు ఏదైనా ఉంటే చెప్పు." మాది శ్రీకాకుళం తీరం నుంచి వచ్చి ఇక్కడ స్థిరపడిన కుటుంబం. నేను ఇక్కడే తెలుగు మాధ్యమం బడిలో పాఠాలు చెబుతాను. టూర్లు అమ్మడం నా పని కాదు కాబట్టి నచ్చనిది నచ్చలేదని చెప్పే సౌకర్యం నాకుంది.

మొన్న ఫోనులో మా పిన్ని కొడుకు ఉత్సాహంగా అన్నాడు: "అక్కా, ఈ ప్యాకేజీలో ఒక్క రోజులో అయిదు చోట్లు చూపిస్తారట." "అయిదు చోట్లు చూపిస్తారా, అయిదు జెట్టీల దగ్గర దింపి ఎక్కిస్తారా?" అని అడిగాను. ఎన్ని చోట్లన్న లెక్క వదిలేసి, ఒక్కో చోట కాలు నేల మీద పెట్టి ఎంతసేపు ఉంటామో కనుక్కోమన్నాను. కారులో ఎన్ని గంటలు, వరసలో నిలబడేది ఎంతసేపు, పడవలో ఎంతసేపు, చివరికి చూసేది ఎంతసేపు అని ఒక కాగితం మీద వేసుకుంటే ప్యాకేజీల్లో సగం వాటంతట అవే రాలిపోతాయి.

ఈ లెక్క వేసేటప్పుడు ఇక్కడి పొద్దును మరిచిపోకండి. అండమాన్ దీవులు దేశానికి బాగా తూర్పున, దాదాపు 93 డిగ్రీల రేఖాంశం దగ్గర ఉన్నాయి. గడియారం మాత్రం హైదరాబాద్‌దే. డిసెంబరులో సాయంత్రం అయిదు గంటల ప్రాంతంలోనే సూర్యుడు అస్తమిస్తాడు. మూడున్నర నుంచే బోట్లవాళ్లు తాళ్లు సర్దుకోవడం మొదలుపెడతారు. "ఉదయం తొమ్మిదిన్నరకు హోటల్ దగ్గర ఎక్కించుకుంటాం" అని చెప్పే టూరు ఏదైనా సరే, అది పూర్తి రోజు ధరకు సగం రోజు అమ్ముతున్నట్టే. ఆరున్నరకో ఏడుకో బయలుదేరేదాన్ని తీసుకోండి. సెలవులో కూడా పెందలాడే లేవాలా అని మా ఆడపడుచు ప్రతిసారీ సణుగుతుంది. లేవాలి.

నవంబరు నుంచి మే నెల మధ్య వరకు వచ్చేవారికి, ముఖ్యంగా ఈత రానివారికి, నేను మొదట చెప్పేది జాలీ బాయ్ దీవి. ఊరికి సుమారు 30 కిలోమీటర్ల దూరంలో ఉన్న వండూర్ జెట్టీ నుంచి పడవ బయలుదేరుతుంది. 1983లో ఏర్పాటు చేసిన మహాత్మాగాంధీ మెరైన్ నేషనల్ పార్కులో ఇదొక చిన్న దీవి. పగడాలకు కాస్త విశ్రాంతి ఇవ్వాలని ఏడాదిలో కొన్ని నెలలు దీన్ని మూసి, రెడ్ స్కిన్ అనే మరో దీవిని తెరుస్తారు. కాబట్టి జూలైలో ఎవరైనా జాలీ బాయ్ టికెట్ అమ్ముతున్నారంటే ఏ దీవికో మళ్లీ అడగండి. అటవీ శాఖ అనుమతి తప్పనిసరి, దానికి గుర్తింపు కార్డులు కావాలి. పిల్లలకు అమెరికా పాస్‌పోర్టు ఉంటే ముందే చెప్పండి, విదేశీయులకు ప్రవేశ రుసుము వేరు. పార్కుకు వారాంతపు సెలవు ఏ రోజో కూడా అడిగి తేదీ ఖాయం చేసుకోండి.

వండూర్ జెట్టీ దగ్గర ఉదయం పూట జరిగే తతంగం చూడముచ్చటగా ఉంటుంది. దీవికి ప్లాస్టిక్ తీసుకువెళ్లకూడదు. సంచులు తెరిచి చూస్తారు. చిప్స్ పొట్లాలు, బిస్కెట్ ప్యాకెట్లు, నీళ్ల సీసాలు అన్నీ బయటికి వస్తాయి. తెలిసినవారు స్టీలు డబ్బాలు తీసి చిప్స్ అందులో ఒంపుకుంటారు. తెలియనివారు పిల్లవాడి చేత అక్కడికక్కడే ప్యాకెట్ మొత్తం తినిపిస్తారు. ఆ పిల్లవాడు అరగంట తరువాత పడవలో ఏం చేస్తాడో చెప్పనక్కరలేదు. దీవి మీద దుకాణం లేదు, టీ కూడా దొరకదు. అందుకే ముందు రోజు రాత్రే పులిహోర కలిపి స్టీలు డబ్బాలో పెట్టుకోమంటాను. టూరు ధరలో భోజనం కలిపామంటే, అది ఎక్కడ, ఎన్ని గంటలకు పెడతారో అడగండి. చాలాసార్లు అది తిరిగి వచ్చాక మూడు గంటలకు వండూర్‌లో పెట్టే భోజనమే.

పడవ మడ అడవుల అంచున, దీవుల మధ్య నుంచి గంట సేపు వెళ్తుంది. జాలీ బాయ్ దగ్గర జెట్టీ లేదు. పెద్ద పడవ కాస్త దూరంలో ఆగితే, అడుగున అద్దం బిగించిన చిన్న పడవలోకి దిగి ఒడ్డుకు చేరాలి. మోకాళ్ల నొప్పులున్న పెద్దవారికి ఈ దిగడం, ఎక్కడమే అసలు కష్టం. చేయి పట్టుకునే మనిషి ఉంటే సాధ్యమే. అద్దం పడవలో అందరూ ఒకేసారి వంగి చూస్తారు కాబట్టి నీడ పడి మొదట ఏమీ కనిపించదు. కొంచెం ఓపిక పట్టాలి. ముందు ఇసుక, తరువాత విరిగిన పగడపు ముక్కలు, ఆపైన మెదడులా మెలికలు తిరిగిన పగడం, దాని పక్కన నల్లగా పడి ఉన్న సముద్రపు దోసకాయ, పెదవులు నీలంగా మెరిసే పెద్ద ఆల్చిప్ప. బూడిద రంగులో చచ్చిపోయిన పగడాలు కూడా కనిపిస్తాయి. 2010లోనూ 2016లోనూ నీళ్లు వేడెక్కి ఇక్కడి పగడాలు చాలావరకు పాలిపోయాయి. ప్రకటనల్లోని రంగులే కళ్లముందు ఉండాలనుకుంటే నిరాశ తప్పదు. టికెట్‌లో కలిపిన అద్దం పడవ షికారు చాలా చిన్నది. ఎక్కువసేపు తిరగాలంటే విడిగా చెల్లించాలి. నా మాటగా ఆ డబ్బు ఖర్చు పెట్టండి, ఆ రోజులో దండగ కాని ఖర్చు అదే.

ఇక బారాటాంగ్ దీవి. అందరూ అడిగేది, నేను వద్దనేది. సుమారు 100 కిలోమీటర్ల దారి. జిర్కాటాంగ్ చెక్‌పోస్టు దగ్గర వాహనాలన్నీ ఆగి, నిర్ణీత వేళల్లో పోలీసుల వెంట కాన్వాయ్‌గా కదలాలి. మొదటి కాన్వాయ్ అందుకోవాలంటే తెల్లవారుజామున నాలుగింటికి ముందే బయలుదేరాలి. ఆ తరువాత దాదాపు 50 కిలోమీటర్లు అడవి, అక్కడ వాహనాలు దాటించే పడవ, ఆపైన స్పీడు బోటు, ఆపైన నడక. చివరికి సున్నపురాతి గుహలు, బుడగలు వచ్చే బురద దిబ్బ. మడ అడవుల మధ్య సన్నని పాయలో బోటు ప్రయాణం నిజంగా బాగుంటుంది. గుహలూ బాగుంటాయి. బురద దిబ్బ దగ్గర మాత్రం ఇంత దూరం ఇందుకా అని పిల్లలు అడిగితే నా దగ్గర జవాబు లేదు.

వద్దనడానికి అసలు కారణం దూరం కాదు. ఆ 50 కిలోమీటర్లు జరావా జాతి వారి అభయారణ్యం. కొన్ని వందల మందే మిగిలిన ప్రజలు. బయటివారితో కలవడం 1997 తరువాతే మొదలైంది, 1999లోనే వారిలో తట్టు వ్యాపించింది. ఆ దారి మూసేయమని 2002లో సుప్రీంకోర్టు చెప్పింది. 2012లో పర్యాటకుల కోసం జరావా స్త్రీల చేత నాట్యం చేయించిన వీడియో బయటపడి దేశమంతా గొడవైంది. దారి ఇప్పటికీ నడుస్తోంది. ఆపడం, ఫోటో తీయడం, తినుబండారాలు ఇవ్వడం నేరం. ఇంత తెలిసీ, కారులో కూర్చున్నవారు గుహల గురించి కాక "ఎవరైనా కనిపిస్తారా" అని కిటికీల వైపే చూస్తూ వెళ్తారు. కొందరు ఏజెంట్లు ఆ మాటే ఊరించి టికెట్ అమ్ముతారు. "దారిలో జరావాలను చూడవచ్చు" అని ఎవరైనా అంటే ఆ దుకాణంలో బారాటాంగే కాదు, మరే టూరూ కొనకండి. మనుషులను చూపిస్తామని అమ్మేవారు మీ క్షేమం గురించి ఏమాత్రం ఆలోచిస్తారో మీరే అంచనా వేసుకోవచ్చు. నాతో అంగీకరించని చుట్టాలు వెళ్లి వస్తూనే ఉంటారు. వారికి నేను చెప్పేది ఒక్కటే, ఆ అడవి దాటేవరకు ఫోను సంచిలోంచి తీయవద్దని.

పసిపిల్లలు, పెద్దవారు, ప్రయాణం పడనివారు అందరూ కలిసి వస్తే రాస్ దీవి, నార్త్ బే కలిపిన టూరు సరిపోతుంది. ఊళ్లోని జెట్టీ నుంచే పడవ, దూరం తక్కువ. రాస్ ఇప్పుడు నేతాజీ సుభాష్ చంద్రబోస్ ద్వీపం. 1858 నుంచి బ్రిటిష్ వారి పాలన అంతా అక్కడి నుంచే నడిచింది. 1941 జూన్ భూకంపం, మరుసటి ఏడాది జపాన్ వారి రాక, వాటితో ఆ వైభవం ముగిసింది. చర్చి గోడలను మర్రి జాతి చెట్ల వేళ్లు ఎలా బిగించి పట్టుకున్నాయో చూడాలి. ఇక్కడ మాత్రం నిజమైన గైడు కావాలి, లేకపోతే అవన్నీ పడిపోయిన గోడలే. "గైడు ఉన్నాడు" అంటే అది టికెట్లు చింపే కుర్రవాడా, చరిత్ర చెప్పే మనిషా, ఏ భాషలో చెబుతాడు అని అడగండి. హిందీ, ఇంగ్లీషు మామూలే. జంగ్లీఘాట్ వైపు తెలుగు మాట్లాడే కుటుంబాలు చాలా ఉన్నాయి కాబట్టి తెలుగు మనిషి కావాలని అడగడంలో తప్పు లేదు, ఒక్కోసారి దొరుకుతాడు.

నార్త్ బే దీపస్తంభం పాత ఎర్ర 20 రూపాయల నోటు వెనక ఉన్నదే. అక్కడ దిగగానే స్కూబా (గాలి సిలిండరుతో నీళ్లలోపలికి దిగడం), సీ వాక్ (సముద్రం అడుగున నడక), జెట్ స్కీ అంటూ చుట్టుముడతారు. టూరు ధరలో ఉన్నది పడవ ప్రయాణం మాత్రమే, ఆటలన్నింటికీ విడిగా డబ్బు. ఏ ఆట ఆడతారో ఒడ్డున కాక హోటల్‌లోనే నిర్ణయించుకుని వెళ్లండి. స్కూబాకు ఉబ్బసం, గుండె జబ్బు, చెవి బాధ ఉన్నవారు ఫారంలో దాచకుండా రాయాలి. డైవ్ చేసిన తరువాత 18 గంటలైనా విమానం ఎక్కకూడదని నేర్పేవారు చెబుతారు. చివరి రోజున స్కూబా పెట్టిన ప్యాకేజీ కనిపిస్తే, దాన్ని తయారుచేసినవారికి ఈ సంగతి తెలియదనో, పట్టలేదనో అర్థం.

హేవ్‌లాక్ దీవిని ఒక్క రోజులో చూసి వచ్చే టూరు దండగ. పడవకే రానుపోను నాలుగు గంటల దాకా పోతుంది. వెళ్తే రాత్రి ఉండండి, తిరిగి వచ్చే రోజుకూ విమానం రోజుకూ మధ్య ఒక రోజు ఖాళీ వదలండి. 2016 డిసెంబరులో తుపాను గాలికి పడవలు ఆగిపోయి వెయ్యిమందికి పైగా పర్యాటకులు హేవ్‌లాక్, నీల్ దీవుల్లో చిక్కుకుపోయారు. నావికాదళం వచ్చి తీసుకురావలసి వచ్చింది.

ఏ టూరైనా పడవ సంగతి ముందు తేల్చుకోండి. 2014 జనవరి 26న ఈ ఊరి దగ్గరే పర్యాటకుల పడవ మునిగి ఇరవై మందికి పైగా చనిపోయారు. ఎక్కించవలసినవారి కంటే చాలా ఎక్కువమందిని ఎక్కించారు. కాబట్టి పడవలో ఎంతమందికి అనుమతి, ఈ రోజు ఎంతమంది ఎక్కుతున్నారు అని నోరు తెరిచి అడగండి. లైఫ్ జాకెట్ చేతికి ఇస్తే సరిపోదు, ముందు కట్లన్నీ బిగుసుకుంటున్నాయో లేదో చూడండి. మా బడి పిల్లలకు నేను నేర్పే పరీక్ష సులువు: జాకెట్ తొడిగాక భుజాల దగ్గర పట్టుకుని పైకి లాగండి, గడ్డం దాటి పైకి జారితే అది మీ కొలత కాదు. చిన్నపిల్లల కొలతలు ఉన్నాయా అని టికెట్ కొనేటప్పుడే అడగాలి, జెట్టీ మీద అడిగితే పెద్దవారిదే చుట్టి కట్టేస్తారు. గర్భిణులను, నడుము నొప్పి ఉన్నవారిని స్పీడు బోటు ఎక్కించకండి. ఎక్కక తప్పనివారు వెనక వైపు కూర్చోవాలి, ముందు భాగం అలకొకసారి ఎగిరి పడుతుంది. వాంతుల మాత్ర కడుపులో తిప్పడం మొదలయ్యాక వేసుకుంటే పనిచేయదు, వైద్యుడిని అడిగి బయలుదేరే ముందే వేసుకోవాలి.

పిల్లలు ఏరిన గవ్వలు, పగడపు ముక్కలు ఇసుకలోనే వదిలి రావాలి, వాటిని తీసుకుపోవడం ఇక్కడ చట్టవిరుద్ధం. ఇది చెప్పని గైడు గైడే కాదు.

చివరగా డబ్బు. గాలి ఎక్కువైతే అధికారులు పడవలు ఆపేస్తారు, అది ఎవరి తప్పూ కాదు. కానీ ఆ రోజు కట్టిన సొమ్ము తిరిగి ఇస్తారా, మరో తేదీకి మారుస్తారా, ఏమీ లేదంటారా అన్నది ముందే రసీదు మీద రాయించుకోవాలి. అనుమతి రుసుము, కారు, పడవ, అద్దం పడవ, భోజనం ఏవేవి ధరలో ఉన్నాయో కూడా ఆ రసీదు మీదే ఉండాలి. సగం కట్టి మిగతాది ఎక్కేటప్పుడు ఇస్తామనండి. దేనికైనా "చూద్దాం మేడమ్, మన మనిషే కదా" అన్న జవాబు వస్తే లేచి పక్క దుకాణానికి వెళ్లండి. అబర్డీన్ బజారులో టూర్లు అమ్మే దుకాణాలకు కరువు లేదు.