పక్క పోర్షన్ మాటలు వినపడకుండా లోపలి గోడను కట్టుదిట్టం చేసుకోవడం

తిరుపతిలో ఒకే మిద్దెను రెండు మూడు పోర్షన్లుగా చేసి బాడుగకు ఇవ్వడం మామూలు. మధ్యలో లేపేది ఎక్కువగా నాలుగున్నర అంగుళాల ఇటుక గోడే. అవతల టీవీ పెడితే ఇవతల పరీక్షకు చదివే పిల్లలకు ప్రతి మాటా వినపడుతుంది. దీనికి స్పాంజి షీట్లో, కోడిగుడ్ల అట్టలో అంటిస్తుంటారు. దయచేసి ఆ ఖర్చు పెట్టకండి. స్పాంజి మన గదిలో ప్రతిధ్వనిని తగ్గిస్తుంది, గోడ దాటి వచ్చే శబ్దాన్ని ఆపలేదు. దాన్ని ఆపాలంటే ముందు సందులు మూయాలి, ఆ తర్వాత బరువైన కొత్త పొర పాత గోడకు తగలకుండా నిలబెట్టాలి.

సందులతోనే మొదలుపెట్టండి. రాత్రి మీ గదిలో లైటు ఆర్పి, అవతలి వాళ్లను గోడ అంచుల వెంట టార్చి వేయమనండి. దూలం కింద, అటక పైన పూత వేయకుండా వదిలేసిన చోట, ఏసీ పైపు దూర్చిన రంధ్రం దగ్గర వెలుతురు కనపడుతుంది. గోడ విస్తీర్ణంలో నూటికి ఒక వంతు రంధ్రం ఉన్నా, ఆ గోడ ఎంత మందమైనా 20 డెసిబెల్స్‌కు మించి ఆపలేదు. పెద్ద సందులకు బేల్దారి మేస్త్రీ చేత సిమెంటు కూరిపించండి, సన్నటి వాటికి అకూస్టిక్ సీలెంట్ (ఆరినా బీటలివ్వకుండా మెత్తగా ఉండే పేస్టు) వాడండి. స్ప్రే ఫోమ్ వద్దు, దానికి బరువుండదు. రెండు గదుల స్విచ్ బోర్డులు ఒకే చోట వీపు వీపు ఆనించి ఉంటే ఒకదాన్ని జరిపించాల్సిందే. కొన్ని ఇళ్లలో ఇంతవరకు చేస్తేనే సగం బాధ తీరుతుంది.

అయినా చాలకపోతే రెండో పొర కట్టాలి. పది అడుగుల పొడవు, పది అడుగుల ఎత్తు గోడకు లెక్క ఇది: 70 మిల్లీమీటర్ల జీఐ స్టడ్లు (ఫ్రేముకు నిలువుగా నిలబెట్టే ఇనప రేకు కమ్మీలు) 9, వాటిని కిందా పైనా పట్టి ఉంచే ఛానెళ్లు, 50 మిల్లీమీటర్ల మందం రాక్‌వూల్ (రాతి నారతో చేసిన దూది లాంటి పలక) 100 చదరపు అడుగులు, 12.5 మిల్లీమీటర్ల జిప్సం బోర్డులు (ఆరు అడుగులకు నాలుగు) రెండు వరసలకు తరుగుతో కలిపి 12. గదిలో సుమారు 5 అంగుళాలు పోతుంది. మన వైపు చెదల బెడద ఉంది కాబట్టి చెక్క ఫ్రేము జోలికి పోవద్దు. గోడలో చెమ్మ ఉంటే ముందు దాని సంగతి చూడాలి. అక్టోబరు నుంచి డిసెంబరు దాకా పడే వానల్లో గోడ ఎలా ఉంటుందో చూశాకే మూయండి.

ఛానెళ్ల అడుగున రబ్బరు టేపు అంటించి, గోడకు అంగుళం ఎడంగా నేలకూ స్లాబుకూ బిగించాలి. స్టడ్లు 16 అంగుళాలకు ఒకటి. వాటి మధ్య దూరం కంటే అర అంగుళం ఎక్కువ వెడల్పుతో రాక్‌వూల్ కోస్తే జారకుండా ఇరుక్కుంటుంది. నిండు చేతుల చొక్కా, గ్లౌజులు, మాస్కు లేకుండా దాన్ని ముట్టుకోవద్దు. మొదటి వరస బోర్డులకు 25 మిల్లీమీటర్ల స్క్రూలు, రెండో వరసకు 35 మిల్లీమీటర్లవి. రెండు వరసల అతుకులు ఒకదాని మీద ఒకటి రాకూడదు. చుట్టూ 5 మిల్లీమీటర్లు వదిలి సీలెంట్ నింపండి. అక్కడ పీఓపీ పెడితే కొన్నాళ్లకు బీటలిస్తుంది, ఆ బీటలోంచి శబ్దం మళ్లీ వస్తుంది.

పని చెడేది ఎక్కువగా ఒక్క చోటే. ఫాల్స్ సీలింగ్ చేసేవాళ్లు ఫ్రేము ఊగుతోందని అలవాటుగా ఇనప పట్టీతో పాత గోడకు బిగించేస్తారు. ఆ పట్టీల గుండా శబ్దం నేరుగా కొత్త బోర్డులోకి ఎక్కుతుంది, పెట్టిన డబ్బులో చాలా భాగం వృథా. 50 మిల్లీమీటర్ల స్టడ్డు పది అడుగుల ఎత్తుకు నిజంగానే ఊగుతుంది, 70 చెప్పింది అందుకే. బోర్డులు మూసేముందు మీరే నిలబడి, ఫ్రేముకూ గోడకూ మధ్య ఒక అట్టముక్కను పైనుంచి కిందికి జార్పి చూడండి. ఎక్కడ ఆగితే అక్కడ గోడకు తగులుతోందని అర్థం. రాలిన సిమెంటు పెళ్లలు ఇరుక్కున్నా అంతే.

పై అంతస్తులో నడిచే చప్పుడు, వీధిలో పెళ్లి బాజా దీనితో తగ్గవు. ఒకటి స్లాబు గుండా వస్తుంది, మరొకటి ఎక్కువగా కిటికీల గుండా.

బాడుగ ఇల్లయితే గోడ జోలికి పోకుండా, సందులు పూడ్చి, తలుపు అడుగున రబ్బరు పట్టీ, చట్రం చుట్టూ గాస్కెట్ వేయించండి. వెనక చెక్క ఉన్న పుస్తకాల బీరువాను ఆ గోడ వైపు గోడకు తగలకుండా పెట్టి, నిండా సర్దితే కొంత మేలు.