బస్సు పర్మిట్: దరఖాస్తు, తిరస్కరిస్తే ట్రిబ్యునల్

టికెట్లు కొట్టి స్టాపు స్టాపునా జనాన్ని ఎక్కించి దించే బస్సుకు స్టేజి క్యారేజీ పర్మిట్ కావాలి. పెళ్లికో, యాత్రకో బస్సంతా మాట్లాడుకుని వెళ్లేది కాంట్రాక్టు క్యారేజీ. కాంట్రాక్టు పర్మిట్ చేతిలో పెట్టుకుని స్టాపు స్టాపునా జనాన్ని ఎక్కిస్తే బస్సును సీజ్ చేయొచ్చు.

బస్సు కొనకముందే రూటు సంగతి తేల్చుకోండి. 1988 మోటారు వాహనాల చట్టం కింద ఆ రూటును ఆర్టీసీకి కేటాయిస్తూ స్కీము నోటిఫై అయి ఉంటే, సెక్షన్ 104 ప్రకారం ఆ స్కీము ఒప్పుకున్న మేరకే ప్రైవేటు బస్సులకు పర్మిట్ వస్తుంది. ఇది చూసుకోకుండా ఫైనాన్సులో బస్సు దించడం తొందరపాటే.

బస్సు తిరగాల్సిన ప్రాంతపు ఆర్టీఏకి (ప్రాంతీయ రవాణా ప్రాధికార సంస్థకు) దరఖాస్తు ఇవ్వాలి. రూటు, బస్సు రకం, సీట్లు, రోజుకు కనీసం ఎన్ని ట్రిప్పులు, గరిష్ఠంగా ఎన్ని, టైమింగ్స్, రిజర్వులో ఉంచే బస్సులు, షెడ్డు, మరమ్మతుల ఏర్పాట్లు రాయాలి. రూటు రాయడంలో అజాగ్రత్త వద్దు. దరఖాస్తులో లేని రూటుకు పర్మిట్ ఇవ్వడానికి చట్టం ఒప్పుకోదు.

మామూలుగా దరఖాస్తును కాదనకూడదని సెక్షన్ 80 చెబుతోంది. కాదంటే కారణాలు రాతపూర్వకంగా ఇవ్వాలి, మీ వాదన వినే అవకాశమూ ఇవ్వాలి. కౌంటర్లో నోటిమాటతో 'కుదరదండీ' అంటే వెనక్కి రావద్దు, ఉత్తర్వు అడగండి. అప్పీలుకు ఆధారం ఆ కాగితమే.

అప్పీలు వెళ్లేది రాష్ట్ర రవాణా అప్పిలేట్ ట్రిబ్యునల్‌కు. అక్కడ జిల్లా జడ్జి హోదాకు తగ్గని న్యాయాధికారి ఉంటారు. పర్మిట్ నిరాకరించినా, షరతు పెట్టినా, రద్దు లేదా సస్పెండ్ చేసినా సెక్షన్ 89 కింద అప్పీలు వేయొచ్చు. అప్పీలుకు వీల్లేని ఉత్తర్వైతే 30 రోజుల్లోగా సెక్షన్ 90 కింద రివిజన్ (ఉత్తర్వును మళ్లీ పరిశీలించడం) కోరాలి. పర్మిట్ మంజూరు వివాదాన్ని సివిల్ కోర్టు తీసుకోదు, ఇంజంక్షన్ (ఆపుదల ఉత్తర్వు) కూడా ఇవ్వదు. రాజ్యాంగంలోని ఆర్టికల్ 226 కింద హైకోర్టు ఉంది కానీ, అప్పీలు దారి ఉండగా నేరుగా అక్కడికి పరుగెత్తితే 'ముందు ట్రిబ్యునల్‌కు వెళ్లండి' అనే అవకాశమే ఎక్కువ.

విచారణ తంతుగా ముగిసిందనిపిస్తే గుళ్లపల్లి నాగేశ్వరరావు కేసు మీ వకీలుకు గుర్తుచేయండి. 1950ల చివర్లో కృష్ణా జిల్లా బస్సు రూట్లను ఆర్టీసీకి అప్పగించే స్కీముపై అభ్యంతరాలు విన్నది రవాణా శాఖ కార్యదర్శి, నిర్ణయించింది ముఖ్యమంత్రి. ఒకరు విని మరొకరు తేల్చడం న్యాయం కాదని సుప్రీంకోర్టు దాన్ని కొట్టేసింది. ఆ రూట్లో ఇప్పటికే బస్సులున్న ఆపరేటరు అడ్డుపడితే 1991 నాటి మిథిలేశ్ గార్గ్ తీర్పు ఉంది: కొత్తవారికి పర్మిట్ ఇవ్వొద్దనే హక్కు పాతవారికి లేదు.

పర్మిట్ గడువు ఐదేళ్లు. రెన్యువల్‌కు గడువు ముగియడానికి కనీసం 15 రోజుల ముందే దరఖాస్తు పెట్టాలి.