ట్యాబ్‌లో గేమ్ రికార్డింగ్ మొదలుపెట్టే ముందు

అన్నిటికంటే ముందు నోటిఫికేషన్లు ఆపండి. డు నాట్ డిస్టర్బ్ ఆన్ చేయకుండా రికార్డ్ బటన్ జోలికి వెళ్లొద్దు. మంచి ఊపులో ఆడుతుంటే పైనుంచి జారే బ్యాంక్ ఓటీపీ, ఇంట్లోవాళ్ల మెసేజ్, అన్నీ వీడియోలో ఉండిపోతాయి.

ఖాళీ జాగా చూసుకోండి. సెకనుకు 12 మెగాబిట్ల చొప్పున రికార్డయితే నిమిషానికి 90 ఎంబీ, అరగంటకు 2.7 జీబీ. ఎడిటింగ్‌కీ చోటు కావాలి కాబట్టి నేనైతే 8 జీబీ ఖాళీ లేనిదే మొదలుపెట్టను.

అసలు టెన్షన్ సౌండ్‌తోనే. ఆండ్రాయిడ్ 11 నుంచి చాలా ట్యాబ్‌లలో రికార్డర్ దానితోపాటే వస్తోంది. ఆట శబ్దమా, మైకా, రెండూనా అన్నది అందులో మీరే ఎంచుకోవాలి. ఐప్యాడ్‌లో అయితే కంట్రోల్ సెంటర్‌లోని రికార్డింగ్ గుర్తును నొక్కి పట్టుకుంటే మైక్ బటన్ కనిపిస్తుంది. ఒకసారి మైన్‌క్రాఫ్ట్‌లో కోట కడుతూ 40 నిమిషాలు వివరంగా మాట్లాడాను. తీరా వింటే నా గొంతే లేదు, చాలా బాధేసింది. అప్పటినుంచి ఒక నిమిషం రికార్డ్ చేసి, ఇయర్‌ఫోన్స్‌తో విన్నాకే అసలు ఆట. సీలింగ్ ఫ్యాన్ హోరు కూడా అప్పుడే బయటపడుతుంది.

చార్జింగ్ ముందే నింపుకోండి. చార్జర్ పెట్టి ఆడితే ట్యాబ్ వేడెక్కి ఆట నత్తనడక నడుస్తుంది. మందపాటి కవర్ ఉంటే తీసేయండి.

ట్యాబ్‌ను అడ్డంగా తిప్పాకే రికార్డ్ నొక్కండి.

పిల్లలు ఆడుతుంటే గేమ్‌లోని చాట్ ఆపేయండి, అకౌంట్ పేరులో వాళ్ల అసలు పేరు, స్కూలు పేరు లేకుండా చూడండి. ఇది మాత్రం మర్చిపోవద్దు.