ఫ్యాక్టరీ తెలిసి ఖాతాలు తెలియని యజమాని సీఎఫ్‌ఓను (కంపెనీ ఆర్థిక వ్యవహారాల అధిపతిని) ఎంచుకోవడం: సమస్య - పరిష్కారం

లక్షణం: ముగ్గురు అభ్యర్థులతో మాట్లాడారు, ముగ్గురూ బాగున్నారు. ఎవరిని తీసుకోవాలో తేలడం లేదు.

కారణం: మొదటి ఏడాదిలో ఆ మనిషి ఏం చేసి చూపాలో మీరు రాసుకోలేదు. "ఫైనాన్స్ అంతా చూసుకోవాలి" అనుకుంటే రాసుకున్నట్టు కాదు. "ప్రతి నెలా పదో తేదీకల్లా కిందటి నెల లాభనష్టాలు నా బల్ల మీద ఉండాలి, రావలసిన బాకీలు తొంభై రోజులు దాటకూడదు" అనుకుంటే రాసుకున్నట్టు. చెప్పీ చెప్పీ నోరు నొప్పి పుట్టింది. ఆ కాగితం లేకపోతే కిందిదంతా చదవడం దండగ.

లక్షణం: అభ్యర్థి ప్రతిదీ కళ్లకు కట్టినట్టు చెప్పాడు. చేరి ఆరు నెలలైనా ఏదీ కదలలేదు.

కారణం: కాలం చేసిపెట్టిన పని ఆయన ఖాతాలో పడింది. ఎక్కువమంది బోల్తా పడేది ఇక్కడే. "2019లో మా అప్పులపై వడ్డీ పదిన్నర శాతం, రెండేళ్లలో ఎనిమిదికి దించాను" అంటాడు. అంకెలు అబద్ధం కావు. కానీ 2019 జనవరిలో 6.5 శాతం ఉన్న రిజర్వ్ బ్యాంకు రెపో రేటు (బ్యాంకులకు అది అప్పిచ్చే వడ్డీ) 2020 మే నెలకల్లా 4 శాతానికి దిగి, 2022 మే దాకా అక్కడే ఉంది. ఆయన కుర్చీలో కునుకు తీసినా వడ్డీ కొంత తగ్గేది. ఆ రంగంలో ఉన్నవారికి వినగానే తట్టే సంగతి ఇది. మీకు తట్టదు, పైగా అర్థమయ్యేలా చెప్పాడని ముచ్చట పడతారు.

పరిష్కారం: ఆ రెండున్నర శాతాన్ని విడదీయమనండి. రెపో వల్ల ఎంత, కంపెనీ పరపతి రేటింగ్ మెరుగుపడడం వల్ల ఎంత, ఖరీదైన అప్పు ముందే తీర్చడం వల్ల ఎంత, బ్యాంకుతో బేరమాడి సాధించింది ఎంత? స్వయంగా చేసినవాడైతే "సగానికి పైగా కాలం కలిసొచ్చింది. అర శాతం కోసం మాత్రం ఇంకో బ్యాంకు ఇచ్చిన ఆఫర్ తెచ్చి పాత బ్యాంకు ముందు పెట్టాను. తనఖా ఆస్తి విడిపించమంటే ఒప్పుకోలేదు" అంటాడు. చేయనివాడు తిరిగి తిరిగి మొత్తం అంకె దగ్గరికే వస్తాడు.

ఈ సంభాషణలో రిటైరైన సీఎఫ్‌ఓ ఒకరిని పక్కన కూర్చోబెట్టుకోండి. మీ ఆడిటర్ వద్దు, రేపు ఈయన లెక్కలనే ఆయన తనిఖీ చేయాలి. పాత కంపెనీ ఆడిట్ నివేదిక అనుబంధం కూడా తెప్పించండి. సరుకు, రావలసిన బాకీల వంటి కరెంట్ ఆస్తుల హామీపై 5 కోట్లకు మించి వర్కింగ్ క్యాపిటల్ (రోజువారీ నడకకు తీసుకునే అప్పు) పరిమితి ఉంటే, బ్యాంకుకు ఇచ్చిన త్రైమాసిక లెక్కలు పుస్తకాలతో సరిపోయాయో లేదో కారో 2020 (కంపెనీల ఆడిట్ నివేదికలో ఏమేం రాయాలో చెప్పే ప్రభుత్వ ఉత్తర్వు) కింద ఆడిటర్ రాయాలి. తేడా కనిపిస్తే ఎందుకో అభ్యర్థినే అడగండి.

లక్షణం: రిఫరెన్సులన్నీ పొగడ్తలే.

కారణం: ఆ పేర్లు ఇచ్చింది ఆయనే కదా.

పరిష్కారం: ఆయనకు చెప్పి, పాత సంస్థల్లో ఆయన కింద పనిచేసినవారితో మాట్లాడండి. ప్రస్తుత ఆఫీసుకు ఫోను చేసి ఉన్న ఉద్యోగానికి ఎసరు పెట్టవద్దు.

దొంగ సర్టిఫికెట్లు అరుదు, సీఏ సభ్యత్వ సంఖ్యను సీఏల సంస్థ ఐసీఏఐలో సరిచూస్తే చాలు. చేతిరాత పరీక్షలు, జాతకాల జోలికి వెళ్లకండి.