కరెంటు బిల్లు బకాయి పడి ఫ్యూజు పీకే దాకా వచ్చిందా, షాపులోళ్లు ఇది చూడండి

బెజవాడ ఆటోనగర్‌లో మాది చిన్న లేత్ షాపు అండి, రెండు మిషన్లు, ఒక కుర్రాడు. పోయినేడు మూడు నెలలు బిల్లు కట్టలేకపోయా, లైన్‌మేన్ స్తంభం ఎక్కుతుంటే కిందనుంచి బతిమాలుకోవడం తప్ప ఇంకేం తెలీదు అప్పుడు. తర్వాత తిరిగి తిరిగి తెలుసుకున్నవి ఇవి.

ముందు మీది ఏ కేసో తేల్చుకోండి. డబ్బుల్లేక ఆగారా, లేకపోతే బిల్లే తప్పా? వాడిన కరెంటుకి బిల్లు ఏ కోర్టూ మాఫీ చెయ్యదు, ఎవరైనా చేయిస్తానని ఫీజు అడిగితే అక్కడే లేచి వచ్చేయండి. డబ్బుల ఇబ్బందే అయితే కరెంటాఫీసులో ఏఈ (అసిస్టెంట్ ఇంజనీరు) దగ్గరకో, ఆయన పైన ఉండే ఏడీఈ దగ్గరకో పోయి వాయిదాలు కావాలని కాగితం పెట్టండి, నోటిమాట వద్దు, కాపీ మీద స్టాంపు వేయించుకోండి, అదే రేపు ఎక్కడికెళ్లినా పనికొచ్చేది.

బిల్లు మీద గొడవ ఉంటే మాత్రం 2003 విద్యుత్ చట్టం సెక్షన్ 56 గుర్తుపెట్టుకోండి. రాతపూర్వకంగా పూర్తి 15 రోజుల నోటీసు ఇవ్వకుండా సప్లై తీయకూడదు. నోటీసే రాలేదు అని గట్టిగా అనేముందు బిల్లు కాగితం ముందూ వెనకా చదవండి, డిస్‌కనెక్షన్ తేదీ అందులోనే ఉండొచ్చు. అసలు సంగతి ఇంకోటి ఉంది, చాలామందికి తెలీదు. వాళ్లు అడిగిన మొత్తం గానీ, గత ఆరు నెలల్లో మీరు కట్టినదాని సగటు లెక్కన నెలనెలకీ వచ్చేది గానీ, రెండిట్లో ఏది తక్కువైతే అది "అభ్యంతరంతో కడుతున్నా" అని రాసి కట్టేస్తే గొడవ తేలేదాకా పీకకూడదు. అంటే నెలకి 9 వేలు కట్టే షాపుకి ఒక నెల హఠాత్తుగా 1,40,000 వేశారనుకోండి, ఆ నెలకి 9 వేలు కట్టి ఉత్తరం ఇస్తే చాలు. ఉత్తరం లేకుండా ఉత్త 9 వేలు కడితే అది పార్ట్ పేమెంట్ కింద పోతుంది, జాగ్రత్త.

పాత బాకీ అని ఎప్పటిదో తెచ్చి వేస్తే రెండేళ్ల రూలు చూడండి. కట్టాల్సిన రోజు నుంచి రెండేళ్లు దాటిపోయి, మధ్యలో బిల్లుల్లో వరసగా బకాయిగా చూపించకపోతే దానికోసం ఫ్యూజు పీకడానికి లేదు. అయితే బిల్లు వెయ్యడంలో పొరపాటు వల్ల తక్కువ వేశాం అని తర్వాత అదనపు బిల్లు పంపొచ్చని 2020లో సుప్రీంకోర్టు చెప్పింది, పీకడం కుదరదు గానీ వసూలుకి వేరే దారులున్నాయి వాళ్లకి.

ఎక్కడికెళ్లాలి అంటే మొదట డిస్కంలోనే (అంటే మనకి కరెంటిచ్చే కంపెనీలోనే) ఉండే వినియోగదారుల ఫిర్యాదుల పరిష్కార ఫోరం. అక్కడ నచ్చకపోతే విద్యుత్ అంబుడ్స్‌మన్. నేరుగా నేలపాడు హైకోర్టులో రిట్ పిటిషన్ వేస్తే ముందు ఫోరంకి ఎందుకు పోలేదనే ప్రశ్న వస్తుంది, స్టే ఇచ్చినా చాలాసార్లు ఇంత కట్టు అనే షరతుతోనే. శాశ్వత లోక్ అదాలత్ ఇంకో దారి, కోర్టు ఫీజు లేదు, కోటి రూపాయల లోపు కరెంటు గొడవలు తీసుకుంటారు, రాజీ కుదరకపోతే వాళ్లే తీర్పు ఇస్తారు. దాని మీద అప్పీలు మాత్రం ఉండదు, అక్కడ పిటిషన్ పెట్టాక అదే గొడవతో కోర్టుకీ పోలేరు, ఆలోచించి పెట్టండి. గుంటూరోళ్లు జిల్లా కోర్టులో న్యాయ సేవాధికార సంస్థని అడగండి, లేదా ఎక్కడివాళ్లైనా 15100కి ఫోన్ చెయ్యొచ్చు.

తనిఖీకొచ్చినోళ్లు దొంగ కరెంటు అనో, ఇంటి కనెక్షన్ మీద వ్యాపారం అనో రాసుకుపోతే పైవేవీ పనిచెయ్యవు. అనధికార వాడకం అని ఫైనల్ ఆర్డర్ ఇస్తే 30 రోజుల్లో అప్పీలు, అదీ సగం డబ్బు కట్టాకే. దొంగతనం అంటే ప్రత్యేక కోర్టు, అప్పుడు లాయరు తప్పదు.

షాపు అద్దెదైతే కరెంటు సర్వీసు మామూలుగా ఓనరు పేరు మీదే ఉంటుంది కదా, ఫోరంకి వెళ్లేముందే ఓనరు చేత ఒక ఉత్తరం రాయించుకోండి. మా ఓనరుగారు హైదరాబాదులో ఉంటారు, ఆ ఒక్క సంతకానికి నాకు పది రోజులు పట్టింది.