దూరమైన గురువు మీద రాక్ పాట ఎలా కట్టాలి

నాకు గిటార్ నేర్పిన మాస్టారు పోయాక ఆయన మీద ఒక పాట కట్టాను. అది విన్నవాళ్ళలో కొందరు తమ గురువుల మీద కూడా ఇలాంటిది చేయాలని ఉందని, ఎక్కడ మొదలుపెట్టాలో చెప్పమని అడుగుతున్నారు. నేను చేసిన పద్ధతే రాస్తున్నాను. నా దృష్టిలో ఇలాంటి పాటకి కొలత ఒక్కటే. ఆయన్ని ఎంత పొగిడామన్నది వదిలేయండి, ఆయన నేర్పింది మన వాయింపులో వినిపించాలి.

ముందు ఒక కాగితం తీసుకుని గురువుగారు మీతో పదేపదే అన్న మాటలు రాసుకోండి. మహానుభావుడు, జ్ఞానజ్యోతి, మరువలేని మనిషి లాంటివి ఆ కాగితం మీదికి రానివ్వకండి. అవి ఎవరికైనా అతుకుతాయి కాబట్టి ఎవరివీ కావు. ఆయన నోటినుంచి వచ్చిన మాటలు కావాలి, యాసతో సహా. చేతుల అలవాట్లు కూడా రాయండి. తీగలు మీటే పిక్ ఎలా పట్టుకునేవారు, తాళం దేని మీద కొట్టేవారు, మీరు తప్పు వాయిస్తే ముఖం ఎలా పెట్టేవారు. రాసింది నాలుగు రోజులు పక్కన పెట్టి మళ్ళీ చదవండి. చదవగానే ఆయన గొంతు వినపడినవి ఉంచి మిగతావి కొట్టేయండి.

నా కాగితం మీద చివరికి రెండు మిగిలాయి. మొదటిది 'తొందరేముంది' అన్న మాట. ఒక స్వరం ఇంకా మోగుతుండగానే నేను తర్వాతి దానికి దూకితే, పెన్సిల్‌తో గిటార్ చెక్క మీద టక్కున కొట్టి, "తొందరేముంది? దాన్ని పూర్తిగా మోగనీ" అనేవారు. రెండోది ఆయన శ్రుతి చేసే తీరు. తీగ శ్రుతి కాస్త ఎక్కువగా ఉంటే తగ్గించి అక్కడితో వదిలేసేవారు కాదు. కావలసిన స్వరం కన్నా బాగా కిందికి దించి, అక్కడినుంచి నెమ్మదిగా బిగిస్తూ పైకి తెచ్చి ఆపేవారు. కిందినుంచి బిగిస్తూ వస్తే తీగని బిగించే ట్యూనింగ్ కీ లోపలి పళ్ళ మధ్య వదులు ఉండదు, వాయిస్తుంటే తీగ జారదు. ప్రతి క్లాసూ ఆ పనితోనే మొదలయ్యేది.

దొరికిన మాటల్లో ఏది పల్లవి అవుతుందో ఎలా తెలుస్తుంది? ఆయన ఉన్నప్పుడు ఒక అర్థం, పోయాక ఇంకో అర్థం వచ్చే మాట పట్టుకోండి. 'తొందరేముంది' అని ఆయన నన్ను అడిగేవారు. ఇప్పుడు అదే మాట నేను ఆయన్ని అడగాల్సి వచ్చింది. అది తట్టాక పల్లవి కోసం ఇంకేమీ వెతకలేదు:

తొందరేముంది మాస్టారూ, తొందరేముంది
ఈ స్వరం ఇంకా మోగుతోంది, తొందరేముంది

ఇక టెంపో, అంటే పాట వేగం. నివాళి పాట అనగానే అందరూ నెమ్మదిగా, ఏడుపు గొంతుతో మొదలుపెడతారు. అలాగే ఉండాలని ఎక్కడా లేదు. ఏసీ/డీసీ అనే రాక్ బ్యాండ్ గాయకుడు బాన్ స్కాట్ 1980 ఫిబ్రవరిలో చనిపోయారు. అదే ఏడాది జులైలో ఆ బ్యాండ్ 'బ్యాక్ ఇన్ బ్లాక్' ఆల్బమ్ తెచ్చింది. అట్ట మొత్తం నలుపు, మొదటి పాట గంట మోతతో మొదలవుతుంది, సంతాపం అంతవరకే. ఆపైన ఉన్నదంతా జోరు. మీ గురువు నవ్వుతూ, అరుస్తూ, కాలితో నేలని దంచుతూ పాఠం చెప్పిన మనిషైతే ఆయన పాట కూడా అలాగే ఉండాలి. మా మాస్టారు నిదానం మనిషి కాబట్టి నేను 72 బీపీఎం (నిమిషానికి 72 బీట్లు) పెట్టాను. ఆ నిదానానికి బరువు తోడవ్వాలని డ్రమ్స్‌ని హాఫ్ టైమ్‌లో నడిపించాను. అంటే నాలుగు బీట్ల ఆవర్తంలో స్నేర్ డ్రమ్ దెబ్బ 2, 4 బీట్ల మీద కాకుండా 3 మీద ఒక్కసారే పడుతుంది. దెబ్బలు తక్కువ, ఒక్కోటి బరువు.

ఈ టెంపో ఎంచుకుంటే లెక్క కూడా తేలిక. నాలుగు బీట్ల ఆవర్తాన్ని ఒక బార్ అంటారు. ఆ లెక్కన 72 బీపీఎం మీద 4 నిమిషాలకి సరిగ్గా 72 బార్‌లు వస్తాయి. ఇంట్రోకి 8, చరణానికి 16, పల్లవికి 8, రెండో చరణానికి 16, పల్లవికి 8, సోలోకి 8, ఆఖరి పల్లవికి 8. అంతకన్నా సాగదీయాలంటే గట్టి కారణం ఉండాలి.

ఇప్పుడు అసలు పని, శ్రుతీ, కలిపి మోగించే స్వరాల గుంపులైన కార్డ్‌లూ. నేను గిటార్‌ని డ్రాప్ డిలో పెట్టాను, అంటే అన్నిటికన్నా లావు తీగని 'ఈ' (E) స్వరం నుంచి ఒక టోన్ కిందికి, 'డి' (D) స్వరానికి దించాను. దించడం కూడా పాటలో భాగమే చేశాను. పాట మొదలవగానే బేస్ గిటార్ వేలు నొక్కకుండా తన డి తీగని మోగిస్తూ నిలబడుతుంది. నేను లావు తీగని వాయిస్తూ కీ తిప్పి డి కన్నా కిందికి దించేస్తాను. తర్వాత మాస్టారి పద్ధతిలో నెమ్మదిగా పైకి తెస్తాను. రెండు స్వరాలు దగ్గరపడేకొద్దీ వాటి మధ్య వూఁ వూఁ అని ఒక ఊగు వినిపిస్తుంది. అది నెమ్మదిస్తూ నెమ్మదిస్తూ వచ్చి, రెండూ కలిసిన క్షణంలో ఆగిపోతుంది. అప్పుడు డ్రమ్స్ అందుకుంటాయి. ఆయన దగ్గర నేర్చుకున్నవాళ్ళు ఎవరైనా ఆ 8 బార్‌లు వింటే ఎవరి పాటో ఇట్టే గుర్తుపడతారు. అప్పటికి ఒక్క మాట కూడా పాడి ఉండను.

చరణమంతా పవర్ కార్డ్‌లే. పవర్ కార్డ్‌లో మూల స్వరం, దాని పంచమం తప్ప ఇంకేం ఉండవు. మేజరో (సంతోషం పలికేది) మైనరో (దుఃఖం పలికేది) చెప్పే మూడో స్వరం అందులో లేదు కాబట్టి అది సంతోషంగానూ వినిపించదు, దుఃఖంగానూ వినిపించదు. డి, సి, జి పవర్ కార్డ్‌ల మీద చరణం నడిపి, పాడే బాణీలో కూడా డికి మైనర్ మూడో స్వరమైన ఎఫ్ గానీ, మేజర్ మూడో స్వరమైన ఎఫ్ షార్ప్ గానీ తగలకుండా చూసుకున్నాను. వినేవాళ్ళకి పాట ఎటు తిరుగుతుందో తెలియదు. పల్లవిలో 'తొందరేముంది' దగ్గర గిటార్ నిండు డి మేజర్ వాయిస్తుంది, గొంతు ఎఫ్ షార్ప్ అందుకుంటుంది. చరణమంతా దాచిపెట్టిన స్వరం అక్కడ బయటపడుతుంది. మాస్టారి దగ్గర గడిపిన కాలం నాకు మంచి కాలం. ఆ సంగతి మాటల్లో చెబితే చప్పగా ఉంటుంది, ఈ ఒక్క స్వరం చెప్పేస్తుంది.

ఆ స్వరం ఏ అక్షరం మీద పడాలో కూడా తేల్చుకోవాలి. రాక్‌లో దెబ్బ పడేచోట తెలుగు మాటలో దీర్ఘమో, సున్నానో, ఒత్తుకి ముందున్న అక్షరమో ఉండాలి. అక్కడ పొట్టి అక్షరం పెట్టి సాగదీస్తే మాట విరిగిపోయి ఏం పాడుతున్నారో అర్థం కాదు. 'తొం' ఒకటో బీట్ మీద పడుతుంది, 'ద' గబుక్కున వెళ్ళిపోతుంది, 'రే' మూడో బీట్ మీద స్నేర్‌తో కలిసి పడి సాగుతుంది, 'ముంది' తర్వాతి బార్‌లోకి వెళ్తుంది. ఎఫ్ షార్ప్ ఆ 'రే' మీదే. పై స్వరాల్లో గొంతు విప్పాలంటే ఆ, ఏ, ఓ బాగా కలిసొస్తాయి. ఈ, ఊ దగ్గర గొంతు బిగుసుకుంటుంది. రాసిన ప్రతి లైనూ చేత్తో తాళం వేస్తూ మామూలుగా చదవండి. చదివినప్పుడు మాట సహజంగా పడకపోతే పాడినప్పుడు అసలు పడదు.

చరణాల్లో మాటలకి చిక్కు ఇంకోటుంది. గురువుని మీరు అనే పిలుస్తాం. పాటలో నువ్వు అంటే వినడానికి బాగానే ఉంటుంది గానీ, ఆయన ముందు నిలబడి ఎన్నడూ అనని మాట పాటలో ఎలా అంటాం? నేను మీరు అనే ఉంచాను. అలా ఉంచితే ప్రతి లైనూ నేర్పారు, అన్నారు, వెళ్ళారు అని ముగుస్తూ ప్రాస తేరగా దొరుకుతుంది. ఆ తేరగా దొరికేదాన్ని నాలుగు లైన్లకి ఒకసారి మించి వాడకండి, లేకపోతే హాజరుపట్టీ చదివినట్టుంటుంది. ఒక లైను 'అన్నారు'తో ముగిస్తే తర్వాతిది పిలుపుగానో ప్రశ్నగానో మార్చండి:

వేళ్ళు కాయలు కాసేదాకా వదలొద్దన్నారు
కాయలు కాశాయి, చూద్దురుగాని ఒకసారి రండి

రెండో చరణంలో ఆయన జబ్బు, ఆస్పత్రి, చివరి రోజులు రాయాలనిపిస్తుంది. నా సలహా, వద్దు. ఆ రోజులు ఆయన ఇంట్లోవాళ్ళవి. మీకూ ఆయనకీ మధ్య ఉన్నది పాఠం, పాట పాఠంలోనే ఉండనీయండి.

గిటార్ సోలోలో ఆయన వాయించిన ముక్కలన్నీ కాపీ కొట్టకండి. ఆయన వాయింపులోంచి ఒక్క అలవాటు తీసుకుని సోలో మొత్తం దాని మీద నడపండి. బెండ్ చేసి, అంటే తీగని పక్కకి లాగి, స్వరాన్ని చేరుకున్నాక కాసేపు కదలకుండా నిలబెట్టి, తర్వాతే వైబ్రాటో (స్వరాన్ని ఊపడం) ఇవ్వడం మాస్టారి పద్ధతి. చాలామంది బెండ్ అందుకోకముందే ఊపడం మొదలుపెడతారు, దాంతో శ్రుతి కలిసిందో లేదో తేలదు. 8 బార్‌ల సోలోలో నేను వాయించిన స్వరాలు కొద్దే. ప్రతిదానికీ నిలబడే సమయం ఇచ్చాను. గిటార్ మోతని గరగరలాడించే డిస్టార్షన్ కూడా మీరు అనుకున్నదానికన్నా తగ్గించండి. గెయిన్ (ఆ గరగర మోతాదు) ఎక్కువైతే నిలబెట్టిన స్వరానికీ ఊపిన స్వరానికీ తేడా వినపడదు.

ఆయన కట్టి వదిలేసిన బాణీ ముక్కేదైనా మీ దగ్గర ఉంటే దానికి మించిన నివాళి లేదు. మెటాలికా అనే రాక్ బ్యాండ్ బేస్ వాద్యకారుడు క్లిఫ్ బర్టన్ 1986 సెప్టెంబరు 27న స్వీడన్‌లో బస్సు ప్రమాదంలో చనిపోయారు. ఆయన వదిలిపోయిన చిన్న బాణీ ముక్కలు, రిఫ్‌లతో మిగతావాళ్ళు 'టు లివ్ ఈజ్ టు డై' కట్టి 1988 ఆల్బమ్‌లో పెట్టారు. దాదాపు 10 నిమిషాల ఆ పాటలో ఎక్కువ భాగం వాద్యమే, రచయితల్లో బర్టన్ పేరూ ఉంది. మీరూ అలాగే చేయండి. ముందు ఆయన కుటుంబాన్ని అడగండి, స్వరకర్తగా ఆయన పేరు వేయండి, డబ్బు వస్తే వాటా ఇవ్వండి. చట్టం మాటకొస్తే చాలా దేశాల్లో స్వరకర్త పోయాక కనీసం 50 ఏళ్ళు ఆ హక్కు వారసులకి ఉంటుంది. ఫోన్‌లో రికార్డయి ఉన్న ఆయన గొంతుని పాటలో వాడాలన్నా ముందు వాళ్ళకి వినిపించండి. ఏ హెచ్చరికా లేకుండా ఆ గొంతు వినడం వాళ్ళకి ఎలా ఉంటుందో ఆలోచించండి.

పాడేటప్పుడు గొంతు పూడుకుపోతుంది, దానికి ముందే సిద్ధపడాలి. గొంతు ఎక్కడ తడబడుతుందో రిహార్సల్‌లో తెలిసిపోతుంది, సాధారణంగా అది పల్లవికి ముందు లైను. అక్కడ అర బార్ ఖాళీ పెట్టండి, ఊపిరి తీసుకోవడానికి సరిపోతుంది. రికార్డింగ్‌లో గొంతు కాస్త వణికినా శ్రుతి నిలిచిన టేక్ ఉంటే అదే ఉంచండి. శ్రుతి తప్పితే మాత్రం ఎంత భావం ఉన్నా మళ్ళీ పాడాల్సిందే. తప్పిన శ్రుతిని ఏ గురువూ ఒప్పుకోరు. రివర్బ్ (ప్రతిధ్వని) ముంచెత్తకండి, ఆయన మిమ్మల్ని విన్నది చిన్న గదిలో, దగ్గర కూర్చుని.

స్టేజి మీద ఈ పాటని ఆఖరున పెట్టకండి. కార్యక్రమం మధ్యలో, జనం చెవులు ఇంకా తాజాగా ఉన్నప్పుడు పెట్టండి. ముందు రెండు ముక్కలు చెబితే చాలు, ఆయన ఎవరో, ఏం నేర్పారో. పాట అయ్యాక లావు తీగ డిలోనే ఉంటుంది కాబట్టి దాని వెనకే డ్రాప్ డి పాట ఇంకోటి పెట్టుకోండి, లేదా 'ఈ' స్వరానికి బిగించుకునేదాకా కాస్త తాళం నడపమని డ్రమ్మర్‌కి ముందే చెప్పి ఉంచండి.